విస్తీర్ణం

బారింగో సరస్సు విస్తీర్ణమెంత?
నూట ముప్పై చదరపు కిలోమీటర్లు.
పన్నెండేళ్ళుగా ఈ జవాబు పక్కన
ఎర్రసిరాతో ఒక మార్కు వేస్తూ వచ్చాను.

ఈ ఉదయం ఆ జవాబు మీదుగా
పడవలో బడికి పోతున్నాను.

కింద పాత బడి.
రేకుల కప్పు అంచు నీళ్ళలో నాచుపట్టి వణుకుతోంది.
లెసియాంపే గడ ఎత్తి, చూసి, పడవ పక్కకు తిప్పుతాడు.
"మ్వాలిమూ, మీ ఆరో తరగతి" అంటాడు,
బస్సు కండక్టరు స్టాపు పేరు చెప్పినట్టు.

ఆ గది గోడమీద నేను గీసిన పటం ఉంది.
దేశమంతా పసుపు. లోయ గోధుమరంగు.
నీలం డబ్బా ఖరీదెక్కువని
మా సరస్సుని చిటికెనవేలి గోరంత వేశాను.
పిసినారితనానికి ఇంత వడ్డీ పడుతుందనుకోలేదు.

ఎండిపోయే సరస్సుల పాఠం బాగా చెప్పేవాణ్ణి.
అరల్ ఇసుకలో తుప్పుపట్టిన ఓడలు,
చాద్ ఒడ్డున వలలు భుజాన వేసుకుని
నీళ్ళ వెంట నడిచిపోయే జాలరులు.
పిల్లలు నోళ్ళు తెరుచుకుని వినేవాళ్ళు.
నిండిపోయే సరస్సుకి
మా పుస్తకంలో పేజీ లేదు.

నాసియేకు వెనకబెంచీలోంచి చెయ్యెత్తింది:
"అక్కడ పోయిన నీళ్ళేనా, ఇక్కడికొచ్చింది?"
కాదమ్మా. కొండల్లో వానలు,
చెట్లు కొట్టేసిన వాలు, జారిన ఒండ్రు,
భూమి అడుగున కదిలిన పగుళ్ళు,
నలుగురు శాస్త్రజ్ఞులు నాలుగు చెప్పారు, అన్నాను.
ఆ పిల్ల రాసుకోలేదు.
వాళ్ళ మేకలదొడ్డి మునిగిన రాత్రి
నలుగురిలో ఒక్కరూ లాంతరు పట్టలేదు.

మొదట ముళ్ళకంచె దాకా వచ్చింది.
కంచె దాకానే కదా, అనుకున్నాం.
తర్వాత మొక్కజొన్నలోకి.
తర్వాత ఒక తెల్లవారుజామున
ఆసుపత్రి మెట్లమీద నీటిగుర్రం పడుకుని ఉంది,
తొందరేమీ లేని రోగిలాగా.

లెసియాంపే చొక్కాజేబులో, ప్లాస్టిక్ సంచిలో మడిచి,
భూమి పట్టా. మూడెకరాలు.
తూర్పు హద్దు: తుమ్మచెట్టు.
ఆ చెట్టు కొనకొమ్మకే ఇప్పుడు పడవ కట్టేస్తాడు.
తిలాపియా పడిందంటే ఎత్తి చూపిస్తాడు:
"నా పొలంలో పండింది."
నవ్వాలో వద్దో తెలీక
ప్రతిసారీ కాస్త ఆలస్యంగా నవ్వుతాను.

దక్షిణాన బొగోరియా.
ఉడుకునీళ్ళ ఊటలు, గులాబిరంగు కొంగల గుంపులు,
నాలిక మీద పెట్టలేని నీళ్ళు.
ఒకప్పుడు రెండింటి మధ్యా పొద్దుగూకేదాకా నడక.
ఇప్పుడు మధ్యాహ్నానికే చేరుతున్నారు.
కలిస్తే మా చేపలేమవుతాయో
సంతలో ఎవరూ పైకి అనరు.
చేపలమ్మే ఆడవాళ్ళు మాత్రం
డబ్బులు రెండుసార్లు లెక్కపెట్టుకుంటున్నారు.

ఒక్క సంగతి పటంలో గీయలేకపోయాను.
మా సరస్సులోంచి బయటికి పోయే ఏరు లేదు.
వెతకండి, కనబడదు.
అయినా నీళ్ళు తియ్యన.
అంటే అడుగున ఎక్కడో, చెప్పాపెట్టకుండా,
ఏళ్ళతరబడి తనను తాను పోగొట్టుకుంటూనే ఉంది.
బొగోరియా ఏదీ వదలదు.
దాని ఉప్పు దానికే.

ఒళ్ళో పరీక్ష కాగితాలు, కాస్త తడిశాయి.
బారింగో సరస్సు విస్తీర్ణమెంత?
ఇరవై మంది నూట ముప్పై రాశారు.
నాసియేకు రాసింది:
"మా కొత్త ఇంటికి ముప్పై ఎనిమిది అడుగులు.
నిన్న నలభై."

ఎర్రసిరా పెన్ను మూత తీశాను.
పడవ ఊగుతోంది, గీత నిలబడదు.
లెసియాంపే, ఒక్క నిమిషం ఆపవయ్యా.

"ఇక్కడ కుదరదు మ్వాలిమూ,
మొసళ్ళు. మీ స్టాఫ్ రూమిది."